విడుదల కాని దగ్గు

పాట ఎవడైనా వింటాడు. కలకంఠి దగ్గు వినాలంటే మాత్రం పెట్టి పుట్టాలి.

కలకంఠి అంటే ఆ గాయనే. అసలు పేరు వేరే ఉంది కానీ అభిమానులం ఆ పేరు పలకం, భక్తి అలాంటిది. ఆవిడ పాటలు ఊరందరి దగ్గరా ఉన్నాయి కాబట్టి మా దృష్టిలో వాటికి పూచికపుల్ల విలువ లేదు. రేడియోలో రోజూ వచ్చేది కూడా ఒక పాటేనా? అసలైన అభిమాని వినేది విడుదల కానిది. మాటలు రాయకముందు లాలలా అని పాడిన డెమోలు, గొంతు పట్టేసి మధ్యలో ఆపేసినవి, ఎవరో తలుపు దబాలున వేస్తే రాగం తడబడినవి, మైకు కింద పడ్డవి. మైకు పడ్డ చప్పుడు రెండు రకాలుగా దొరుకుతోంది. మొదటిసారి పడ్డదే మేలని మాలో ఒక వర్గం వాదిస్తుంది.

మాది అంటే పళ్ల డాక్టరు గారి బృందం. ఆదివారం ఆయన క్లినిక్కు సెలవు. ఆ రోజు లోపలి గదిలో, పళ్లు పీకే గదిలో, సభ జరుగుతుంది. ఎవరూ వినని రికార్డింగు తెచ్చినవాడికే లోపలికి ప్రవేశం. ఆ రోజుకు వాడే పెళ్లికొడుకు. వాణ్ని పేషెంటు కుర్చీలో పడుకోబెట్టి, ముఖం మీద ఆ పెద్ద దీపం వేసి, వాడి రికార్డింగు అందరూ వింటారు. ఏమీ తేలేనివాళ్లు బయట హాల్లో, చిగుళ్ల జబ్బుల బొమ్మల కింద బెంచీ మీద కూర్చుని, తలుపు సందులోంచి వచ్చేది వినాలి. డెమోకి డెమో మార్పిడే తప్ప అరువులు, కాపీలు లేవు.

నేను బెంచీ మీదివాణ్ని. కళ్లజోళ్ల షాపులో పగలంతా ఊళ్లోవాళ్లకి చూపు సరిచేస్తాను, ఆదివారం వచ్చేసరికి మూసిన తలుపు వంక చూస్తూ కూర్చుంటాను.

లోపల డాక్టరు గారి దగ్గర ఒక నిధి ఉంది. దాని పేరు పెద్దదగ్గు. కలకంఠి మొట్టమొదటి పాటకు ముందు తీసిన డెమోలో, సరిగ్గా పల్లవి ఎత్తుకోబోయే ముందు ఒక దగ్గు ఉంటుందట. దాన్ని విన్నవాళ్లు మాలో ఇద్దరే. ఒకరు డాక్టరు గారు, రెండోవారు దగ్గుశాస్త్రి. ఈ రెండో ఆయన ఉద్యోగం ఏదో గోడౌన్లో, కానీ ఆయన పరిశోధనంతా కలకంఠి దగ్గుల మీదే. వర్షాకాలపు దగ్గుకీ, అలిసిపోయిన దగ్గుకీ తేడా చెప్తారు. నేను చచ్చేలోగా ఆ పెద్దదగ్గు ఒక్కసారి వినాలి. అంతకుమించి నాకు జీవితంలో కోరికల్లేవు.

ఈ మాట మా ఆవిడతో అంటే, "పిల్లలకి కూడా చెప్పండి, ఆస్తి పంపకాల్లో పనికొస్తుంది" అంది.

మా ఆవిడది కర్టెన్ల పని. ముందుగదిలో కుట్టుమిషను, చుట్టూ గుడ్డల గుట్టలు. ఊళ్లో సగం కిటికీలకి తనే పంటి చివర సూదులు పట్టుకుని కొలతలు తీసింది. పనిలో ఉంటే తనకి తెలియకుండానే ఏదో ఒక కూనిరాగం తీస్తూ ఉంటుంది. మిషను నడిచినంతసేపూ రాగం, ఆగితే రాగం ఆగుతుంది. పక్కగదిలో నేను చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని, కళ్లు మూసుకుని, కలకంఠి ఊపిరి పీల్చుకునే చప్పుడు ఏరుకుంటూ ఉంటాను. మధ్యలో ఈ రాగం. నాకెంత చిరాకో మీరే ఊహించుకోండి.

"కాస్త ఊరుకుందూ. ఆవిడ గొంతు సవరించుకుంటోంది, వినపడటం లేదు" అంటాను.

ఊరుకుంటుంది. ఒకసారి మాత్రం నా చెవిలోది తీసి తన చెవిలో పెట్టుకుని చాలాసేపు విని, "ఇంతకీ ఇందులో పాటెక్కడుంది?" అని అడిగింది.

"పాట లేకపోవడమే దీని గొప్ప."

"అయితే మనింట్లో ఫ్యాను కూడా గొప్పదే" అని వెళ్లిపోయింది. కళాహృదయం లేనివాళ్లతో సంసారం ఎంత కష్టమో నాలాంటివాళ్లకే తెలుస్తుంది.

ఇలా ఉండగా ఒక రోజు పాత సామాన్ల షాపులో కొన్న టేపురికార్డరు పనిచేస్తుందో లేదో చూద్దామని, అరిగిపోయిన క్యాసెట్టు ఒకటి పెట్టి, రికార్డింగు మీట నొక్కి, షాపుకు వేళయ్యేసరికి దాన్ని ఆపడం మరిచి వెళ్లిపోయాను. సాయంత్రం వచ్చి వేసి చూస్తే బుస్సుమని శబ్దం, ఆ వెనకాల టకటకా అని ఒక దరువు, దాని మీద సన్నగా ఒక ఆడగొంతు. మాటల్లేని రాగం. మధ్యలో మళ్లీ మళ్లీ, "అంగుళం తక్కువైంది... అయ్యో, అంగుళం తక్కువైంది" అని దిగులుగా ఒక పంక్తి.

మా ఆవిడే. ఎవరిదో కిటికీ.

ఇంకెవరైనా అక్కడితో నవ్వి ఊరుకునేవారు. నా బుర్ర మాత్రం చురుగ్గా పనిచేసింది. ఆ క్యాసెట్టు మురికి, ఆ బుసబుస, ఆ గొంతు దూరం చూస్తే అచ్చం కలకంఠి తొలినాళ్ల డెమోల్లాగే ఉంది. ఇంట్లో ఉచితంగా దొరికేదానికి పేరు మార్చితే చాలు, లోపలి గది తలుపు తెరుచుకుంటుంది. నా తెలివికి నాకే ముచ్చటేసింది.

ఆదివారం బెంచీ మీంచి లేచి, ఎప్పుడో చనిపోయిన ఒక సౌండ్ ఇంజనీరు భార్య ఒక సంచీలో పాత కళ్లజోళ్లు బాగుచేయించుకోవడానికి తెస్తే ఆ సంచీ అడుగున దొరికిందని ఒక కథ అల్లి, క్యాసెట్టు డాక్టరు గారి చేతిలో పెట్టాను. ఆయన దాన్ని పన్ను పట్టుకున్నట్టు రెండు వేళ్లతో పట్టుకుని వెలుతుర్లో చూశారు. నన్ను కుర్చీలో పడుకోబెట్టారు. దీపం వేశారు. ఎవరో ఆనవాయితీ ప్రకారం నా మెడకి ఆ కాగితపు తుండు కూడా కట్టారు.

క్యాసెట్టు అయిపోయాక ముందుగా డాక్టరు గారు, ఆ దరువు తొలినాటి డ్రమ్ము యంత్రమని, అలాంటిది ఒకే ఒక్క స్టూడియోలో ఉండేదని తేల్చారు. దారం పుటుక్కున కొరికిన చప్పుడు ఏ వాయిద్యమో వెంటనే చెప్పలేమన్నారు. దగ్గుశాస్త్రి కళ్లజోడు తీసి తుడుచుకున్నారు.

"అంగుళం తక్కువైంది. ఎంత మాట. మనిషి బతుకంతా ఆ అంగుళమేగా" అన్నారు.

అందరూ నిట్టూర్చారు. నేనూ నిట్టూర్చాను. ఆ క్షణాన మా వంటింటి కిటికీకి కూడా అంగుళం తక్కువేనని గుర్తొచ్చి నవ్వు ఆపుకోలేక నోరు తెరిస్తే, అలవాటు కొద్దీ డాక్టరు గారు నా పళ్లు చూసి ఎడమవైపు ఒకటి పుచ్చిందన్నారు.

తీరా పెద్దదగ్గు సంగతి ఎత్తితే ఆయన బేరం పెట్టారు. ఇది సగం పాటేనట. చరణం లేదట. ఆ సంచీలో మిగతా భాగం ఉండి తీరాలి, అది తెస్తే పెద్దదగ్గు వినిపిస్తానన్నారు. సంచీ ఎక్కడిది నా ముఖం. ఉన్నదల్లా మా ఆవిడ.

మర్నాటి నుంచి నా సంసారం చూడాలి మీరు. టేపురికార్డరు కర్టెన్ గుడ్డల కింద దాచేశాను. మిషనుకు నూనె వేశాను. టీ పెట్టి తెచ్చి పక్కన పెట్టాను. "నీ పని నువ్వు చేసుకో, హాయిగా, ఏదైనా పాడుకుంటూ" అని గది గుమ్మంలోంచి నాలుగుసార్లు చెప్పి వెళ్లాను.

మా ఆవిడ ఆవులిస్తే పేగులు లెక్కపెట్టే రకం. మిషను ఆపి నన్ను పైనుంచి కింది దాకా చూసి, "ఒంట్లో బాగానే ఉందా?" అంది.

"నువ్వు పాడితే వినాలని ఉండదా ఏమిటి?"

"ఉండదు" అంది. ఇన్నేళ్లలో ఎప్పుడూ లేదుగా అన్నట్టు ఆ మాట ఎంత మామూలుగా అందో.

బతిమాలితే చివరికి ఒప్పుకుని పాడింది. ఏది పాడింది? రేడియోలో రోజూ వచ్చే కలకంఠి పాట. పల్లవి, చరణాలు, ఒక్క తప్పు లేకుండా, చివర ఆ మెలిక కూడా అచ్చంగా. నేను తల పట్టుకున్నాను. విడుదలైన పాట నాకెందుకు? "అది కాదు, నీదే ఏదో ఉంటుందే, ఊరికే అలా వచ్చేది" అంటే, "ఊరికే వచ్చేది అడిగితే ఎలా వస్తుంది" అని మళ్లీ మిషను తొక్కడం మొదలుపెట్టింది. ఆ వారమంతా మా ఇంట్లో మిషను చప్పుడు తప్ప ఇంకేం లేదు. ఒకప్పుడు ఈ నిశ్శబ్దం కోసమే మొక్కుకున్నవాణ్ని, ఇప్పుడు పిచ్చెక్కింది.

శనివారం ఎందుకో తన మనసు బాగుంది. షాపు నుంచి వచ్చి గుడ్డల కింద చెయ్యి పెట్టి క్యాసెట్టు తీసి మొదట్లో కొంచెం విన్నాను. రాగం. నిండుగా, మొన్నటికంటే బాగుంది. మిగతాది వినే ఓపిక ఎవరికుంది? జేబులో వేసుకుని, తెల్లారి ముస్తాబై, మా ఆవిడ ఇంకెక్కడో కొలతలు తీయడానికి వెళ్లిందని తెలిసి మరీ సంతోషించి, క్లినిక్కుకు పరుగెత్తాను.

తలుపు తీసిన డాక్టరు గారు ఉత్సాహంతో ఊగిపోతున్నారు. ఒకటికి రెండు శుభవార్తలన్నారు. మొదటిది, కలకంఠి ప్రతి రికార్డింగులోనూ వాయించిన కీబోర్డు పెద్దాయన ఈ ఊళ్లోనే ఉన్నాడని తెలిసి, చరణం వినిపిస్తామని పిలిచారట. కుర్చీ పక్కన స్టూలు మీద బక్కపలచటి ముసలాయన ఒకరు కూర్చుని ఉన్నారు.

రెండోది, లోపలి శబ్దం తలుపు సందులోంచి బెంచీవాళ్లకి అప్పనంగా వినపడిపోతోందట. అందుకని మందపాటి కర్టెన్లు కుట్టించడానికి మనిషిని పిలిపించారట.

ఆ మనిషి కిటికీ దగ్గర స్టూలెక్కి, నోట్లో సూదులు పెట్టుకుని, టేపు పట్టుకుని కొలతలు తీస్తోంది.

ఏళ్ల తరబడి బెంచీ మీద పడిగాపులు పడ్డ నేను ఆ గదిలోకి రావడానికి ఎన్ని వేషాలు వేశానో మీకు తెలుసు. తను ఒక కొలత టేపుతో నాకంటే ముందు వచ్చేసింది. నావైపు చూసి, ముక్కూ ముఖం తెలియనివాళ్లతో అన్నట్టు, "కొంచెం జరగండి, తలుపు కొలవాలి" అంది. జరిగాను.

నన్ను కుర్చీలో కుక్కి దీపం వేశారు. క్యాసెట్టు మొదలైంది. రాగం ఎక్కింది, దిగింది, సుళ్లు తిరిగింది. దగ్గుశాస్త్రి కళ్లు మూసుకున్నారు. రాగం ఆగింది. మిషను ఆగింది. అప్పుడు క్యాసెట్టులోంచి మా ఆవిడ గొంతు తాపీగా, "ఏమండీ, ఈ టేపురికార్డరు గుడ్డల కింద పెడితే గుడ్డకు మరకలవుతున్నాయి. కావాలంటే బల్ల మీద పెట్టుకోండి, నేనేం అనను. వచ్చేటప్పుడు తెల్లదారం తెండి" అంది.

అయిపోయింది, నా పని అయిపోయింది అనుకున్నాను. తప్పు. నేను మా బృందాన్ని తక్కువ అంచనా వేశాను.

"మాట్లాడింది" అన్నారు దగ్గుశాస్త్రి. "కలకంఠి మాట్లాడింది. విడుదల కాని మాట."

"ఏమండీ అంది. ఎవర్ని?" అన్నారు డాక్టరు గారు.

ఇక చూసుకోండి. కలకంఠికి పెళ్లే కాలేదని లోకమంతా అనుకుంటోందే, మరి ఈ ఏమండీ ఎవడు? రహస్యంగా పెళ్లయిందన్నమాట. తెల్లదారం అంటే విధవరాలి బాధకు సంకేతమని దగ్గుశాస్త్రి, కాదు స్వచ్ఛమైన ప్రేమకని డాక్టరు గారు. గుడ్డకు మరకలు అన్నది లోకనింద గురించేనని ఇద్దరూ ఒప్పుకున్నారు. నేను దీపం కింద చెమటలు కక్కుతూ, ఆ రహస్య భర్తనై పడుకున్నాను.

ఇంతలో తలుపు దగ్గర కొలత తీస్తున్న మా ఆవిడ, క్యాసెట్టులో ఆగిన రాగాన్ని ఆగిన చోటి నుంచే అందుకుని, కూనిరాగం తీయడం మొదలుపెట్టింది.

డాక్టరు గారు విసుగ్గా వెనక్కి తిరిగారు.

"అమ్మా, దయచేసి కాస్త ఊరుకోండి. ఇక్కడ కలకంఠి పాట వింటున్నాం."

తను ఊరుకుంది. అలవాటేగా.

"ఊరుకోవద్దు" అన్నారు కీబోర్డు పెద్దాయన. అప్పటిదాకా ఆయన నోరు విప్పలేదు. లేచి వెళ్లి టేపురికార్డరు ఆపేశారు. "నువ్వు పాడమ్మా. మొదటి నుంచి."

మా ఆవిడ నోట్లోని సూదులు తీసి చీర చెంగుకు గుచ్చుకుంది. నావైపు ఒకసారి చూసింది. పాడింది. ఏం చెప్పమంటారు, నేను దాన్ని ఎప్పుడూ గది అవతలి నుంచి చిరాకు పడుతూ విన్నవాణ్ని. మధ్యలో గోడ లేకుండా వినడం అదే మొదలు. ఇంత బాగుంటుందని నాకు తెలియదు. నా భార్యే కదా, నాకెందుకు తెలియలేదని సిగ్గేసింది. మెడకి కట్టిన కాగితపు తుండుతో కళ్లు ఒత్తుకున్నాను.

"ఇది ఈవిడ గొంతు. ఆ క్యాసెట్టూ ఈవిడదే" అన్నారు పెద్దాయన. "కలకంఠికి ఇంత గుక్క ఎప్పుడూ లేదు. మంచి గాయనే, కానీ పల్లవికి రెండుసార్లు ఊపిరి తీసుకునేది. పక్కన కూర్చుని వాయించినవాణ్ని, నాకు తెలుసు."

డాక్టరు గారి ముఖం మాడిపోయింది. "మరి పెద్దదగ్గు? అదైనా ఆవిడదేనా?" అని బీరువా తీసి, ఎవరికీ చూపని ఆ రీలును యంత్రంలో పెట్టారు. నేను అంత అవమానంలోనూ చెవులు రిక్కించాను. లాలలా అని కొంచెం, ఒక నిశ్శబ్దం, ఆ తరువాత పొడుగాటి దగ్గు.

"అది నేను" అన్నారు పెద్దాయన. "అప్పట్లో నాకు ఆయాసం. ఆ దగ్గు మూలంగా టేకు పాడైందని ఆవిడ నన్ను ఎన్ని తిట్టిందో. మిగతా దగ్గులు కూడా చాలామటుకు నావే."

దగ్గుశాస్త్రి స్టూలు మీద కూలబడ్డారు. ఆయన పరిశోధనంతా ఒక ఆయాసం రోగి మీద జరిగిందని తెలిసిన క్షణమది. పెద్దాయన జాలిపడి, కావాలంటే ఇప్పుడొకటి దగ్గి చూపిస్తానన్నారు. ఎవరూ అడగలేదు.

ఆ రాగం ఎక్కడ నేర్చుకున్నావని ఆయన మా ఆవిడను అడిగితే, నేర్చుకున్నది కాదంది. పొడుగాటి కుట్టయితే పొడుగ్గా వస్తుంది, మడత దగ్గర మలుపు తిరుగుతుంది, అంతేనంది. ఆయన తల ఊపి, తన దగ్గర చిన్న స్టూడియో ఉందని, వచ్చి పాడమని, మిషను కూడా తెచ్చుకోమని చెప్పారు. ఆ టకటకా లేకపోతే పాట సగమే అన్నారు.

"ఇంట్లో అడగాలేమో అమ్మా?" అన్నారు డాక్టరు గారు, ఎలాగైనా ఆపుదామని.

"ఇంట్లో ఆయనకు నా పాటంటే పడదు లెండి. ఊరుకోమంటారు" అంది మా ఆవిడ. "ఇన్నాళ్లూ ఊరుకున్నాను. ఇక ఊరుకోను."

కుర్చీలో ఉన్నవాడే ఆ ఇంట్లో ఆయనని అప్పటికి అందరికీ తెలిసిపోయింది. ఎవరూ నావైపు చూడలేదు, దీపం ఒక్కటే చూస్తోంది. కుర్చీని నిటారుగా చేసే మీట ఎక్కడుందో నాకు తెలియదు. మా ఆవిడే వచ్చి నొక్కి, చెయ్యి పట్టుకుని లేపింది.

ఆ తరువాత సంగతి చెప్తే నవ్వుతారు. కుట్టుమిషను స్టూడియో మెట్ల మీదుగా పైకి మోసింది నేనే. ఎంత బరువుంటుందో ఇన్నేళ్లలో ఎప్పుడైనా ఎత్తి చూస్తే కదా తెలిసేది. పైకి చేర్చి లోపల సర్ది, ఒక మూలన కూర్చుందామని చూస్తున్నాను, పెద్దాయన నన్ను బయటికి పంపి తలుపేశారు. తలుపు పైన ఎర్రలైటు వెలిగింది. మంచి తలుపు, సందుల్లేవు.

ఇప్పుడు మా బృందంలో నా పరువు అమాంతం పెరిగింది. నన్ను మోసగాడన్న డాక్టరు గారు, పుచ్చిన పన్ను చూస్తానని వారం వారం పిలిచి కుర్చీలో కూర్చోబెట్టి, మీ ఆవిడ తొలి డెమో ఒకటుంటే చూడండని నోట్లో అద్దం పెట్టి మరీ అడుగుతున్నారు. దగ్గుశాస్త్రి తన పేరు మార్చుకునే ఆలోచనలో ఉన్నారు, మా ఆవిడ దారం కొరికే చప్పుళ్ల మీద కొత్త పరిశోధన మొదలుపెడతారట. దానికి బదులుగా తన దగ్గరున్న మైకు పడ్డ చప్పుళ్లు రెండూ ఇస్తానంటున్నారు.

నా దగ్గర ఏముంది ఇవ్వడానికి? క్యాసెట్లు రెండూ పెద్దాయన తీసేసుకున్నారు. ఇంట్లో మా ఆవిడ నేనుండగా పెదవి కదపదు. నేను షాపుకు వెళ్లాకే సాధన. పక్కింటివాళ్లు రోజూ ఎంత బాగా పాడుతుందండీ అంటే, అవునండీ అని విన్నవాడిలా తలాడిస్తున్నాను.

నిన్న ఉండబట్టలేక మిషను పక్కన చేరాను.

"ఒక్క డెమో ఇవ్వు. పాట వద్దు, లాలలా చాలు. పోనీ గొంతు సవరించుకున్నదైనా ఇవ్వు."

దారం సూదిలోకి ఎక్కిస్తూ నావైపు చూడనైనా చూడలేదు.

"తొందరేముంది" అంది. "విడుదలయ్యాక వినండి, అందరితో పాటు."

సరేనన్నాను. ఇంకేమంటాను.